మట్టిగూటిలోని మర్మము

వానలు వెలిసి, చెరువుగట్లపై నేల యింకను చెమ్మగా నుండు దినములలో మన యిండ్లలోనికి ఒక చిన్న యతిథి వచ్చును. వసారాలో దూలముక్రిందనో, తలుపు మూలయందో, గోడకు తగిలించిన పటము వెనుకనో సన్నని ఝుంకారము వినవచ్చును. తలయెత్తి చూచినచో, నల్లని మేనిపై పసుపుపచ్చని గుర్తులు గల కందిరీగ యొకటి, నోట కరచి తెచ్చిన మట్టియుండను గోడకు మెత్తుచు కనబడును. దాని నడుము దారమువలె సన్నము, కాళ్ళు పొడవు. ఉండను మెత్తగానే అది యెగిరిపోవును; కొంతసేపటికే మరియొక యుండతో తిరిగివచ్చును. ఇట్లు అనేక పర్యాయములు తిరిగి వ్రేలి కణుపంత మట్టిగొట్టము నొకదానిని నిర్మించును. దాని ప్రక్కనే మరియొకటి, ఆ ప్రక్కనే యింకొకటి. అన్నియు ముగిసిన పిదప వానిని కప్పుచు పైన మందమైన మట్టిపూత పూయును. అప్పుడా గూడు, ఎవరో గోడపైకి విసరిన మట్టిముద్దవలె కనబడును.

ఈ గూటిని మీలో చాలమంది చూచియుందురు. పండుగకు ముందు గోడలకు సున్నము వేయునపుడు దానిని గోకి పారవైచుటయు చూచియుందురు. కాని దానిలో నేమున్నదో చూచినవారు కొందరే.

ఈ గూడు మన పూర్వులను చిరకాలము క్రిందటనే ఆలోచింపజేసినది. 'భ్రమరకీటక న్యాయము' అను మాటను మీరు పెద్దల నోట వినియుందురు. అందలి పోలిక యిది: భ్రమరము ఒక పురుగును పట్టి తెచ్చి మట్టిగూటిలో బంధించును. గూటిచుట్టు తిరుగుచు ఝుమ్మని మ్రోగుచుండును. లోపలి పురుగు భయముచేత అనుక్షణము భ్రమరమునే తలంచి తలంచి, తుదకు తన పూర్వరూపమును విడిచి తానును భ్రమరమై వెలువడును. మనస్సు దేనియందు లగ్నమగునో మానవుడును దానివంటివాడే యగునని బోధించుటకు మన పెద్దలు ఈ దృష్టాంతమును వాడిరి. శ్రీమద్భాగవతమున సప్తమస్కంధములో నారదుడు ధర్మరాజునకు దీనిని చెప్పెను. ఏకాదశస్కంధమున అవధూత తనకు గురువులని పేర్కొన్న యిరువదినాలుగింటిలో సాలెపురుగును, పురుగును గూటిలో బంధించు నీ కీటకమును గూడ కలవు.

ఉపమానముగా నిది మిక్కిలి సుందరమైనది. కాని విద్యార్థి యైనవాడు మరియొక ప్రశ్నను గూడ వేసికొనవలెను. గూటిలోనికి పోయినది ఒక ప్రాణి; గూటినుండి వెలువడినది వేరొక ప్రాణి. ఇంతవరకు కంటికి కనబడిన సంగతియే. అయినచో ఈ రెండింటికి నడుమ నేమి జరిగినది? లోపలికి పోయిన ప్రాణియే రూపము మార్చుకొని వచ్చినదా? లేక దాని కథ వేరా? ఈ ప్రశ్నకు సమాధానము ఆ మట్టిగూటిలోనే దాగియున్నది.

క్రొత్తగా మూసిన గూటి నొకదానిని మెల్లగా విప్పి చూచినచో ఆశ్చర్యము కలుగును. ఒక్కొక్క గదిలో సాలీళ్ళు క్రిక్కిరిసి యుండును. ఒక గదిలో పదియో పదునైదో, ఒక్కొక్కప్పుడు అంతకంటె నెక్కువయో కనబడును. వానిలో వల పన్నునవి కలవు. వల లేక గెంతి వేటాడునవి కలవు. అన్నియు కాళ్ళు ముడుచుకొని కదలక పడియుండును. అయినను అవి యన్నియు చచ్చినవి కావు. సూదిమొనతో మెల్లగా తాకినచో కొన్నింటి కాళ్ళు వణకును. ఆ సాలీళ్ళలో నొకదాని యుదరముపై, బియ్యపుగింజలో సగమునకు మించని తెల్లని గ్రుడ్డు అంటుకొనియుండును.

ఈ గ్రుడ్డు కందిరీగది. తల్లి యీగ సాలీళ్ళను వేటాడి తెచ్చి గదిలో నింపి, గ్రుడ్డుపెట్టి, ద్వారమును మట్టితో మూసి పోయినది. కొలది దినములకు గ్రుడ్డు పగిలి కాళ్ళు లేని తెల్లని పురుగు పుట్టును. దీనిని శాస్త్రజ్ఞులు డింభక మందురు. అది సాలీళ్ళను ఒక్కొక్కటిగా తిని పెరిగి, తనచుట్టు పట్టుదారముతో గూడు అల్లుకొని, అందు నిశ్చలముగా పడియుండి, క్రమముగా రెక్కలును కాళ్ళును గల కందిరీగయై, మట్టిగోడను దవడలతో కొరికి రంధ్రము చేసికొని వెలికి వచ్చును. గూటిలోనికి పోయిన సాలీడు కందిరీగ కాలేదు. కందిరీగ బిడ్డకు ఆహార మైనది.

అయినచో మన పెద్దలు చూచినది అబద్ధమా? కాదు. వారు కథయొక్క మొదలును చూచిరి, తుదియును చూచిరి. నడిమి భాగము మట్టిగోడ చాటున జరిగినది. ఆ ఖాళీని వారు తమ భావనతో పూరించిరి. ఝుంకారమును గూడ వారు నిజముగనే వినిరి. అయితే అది లోపలి ప్రాణికి చేయు నుపదేశము గాదు. మట్టియుండను గోడపై పరచునపుడు కందిరీగ తన దేహమును వడిగా కంపింపజేయును. ఆ కంపనముచే మట్టి చక్కగా పరచుకొని అతుకుకొనును. మనము వినునది పనివాని తాపీ చప్పుడు వంటిది.

మట్టిగూళ్ళు కట్టు నీ కందిరీగలలో నొక జాతికి తెలుగునాటికి పొరుగుననున్న మద్రాసుతో సంబంధము కలదు. ఫాబ్రీషియస్ అను డెన్మార్కు దేశపు శాస్త్రజ్ఞుడు 1781లో ఆ జాతిని వర్ణించి, మద్రాసు పేరు కలిసివచ్చునట్లు 'మద్రాస్పటానమ్' అని నామకరణము చేసెను. నేడు దాని శాస్త్రనామము 'స్కెలిఫ్రాన్ మద్రాస్పటానమ్'.

సాలీళ్ళను వేటాడు కందిరీగలు ఇవి మాత్రమే గాక మరియొక గొప్ప కుటుంబము కలదు. దానిని 'పాంపిలిడే' అందురు. ఆ కుటుంబమున ప్రపంచమంతటను కలిసి సుమారు 5,000 జాతులు ఉన్నవి. మట్టిగూటి కందిరీగ తన బిడ్డకు చిన్న సాలీళ్ళను పెక్కింటిని కూర్చిపెట్టును. పాంపిలిడే కుటుంబపు కందిరీగల పద్ధతి వేరు. ఒక బిడ్డకు ఒక సాలీడు. ఆ సాలీడే దానికి జీవితకాలపు సంపాదన. కావున అది చాలినంత పెద్దదిగా నుండవలెను. ఈ కారణముచే ఈ కందిరీగలు తమకంటె బరువైన సాలీళ్ళనైనను ఎదుర్కొనును.

పొలముగట్లపైనను తోటలలోను వీనిని గుర్తించుట కష్టము కాదు. ఇవి ఒకచోట నిలువవు. నేలపై వడివడిగా పరువెత్తుచు, రెక్కలను మాటిమాటికి విదలించుచు, తలపై నున్న స్పర్శశృంగములను వణకించుచు, ప్రతి బెజ్జమును ప్రతి యాకుచాటును వెదకుచుండును. వేట చిక్కినపిదప దానిని మోసికొని యెగురుట చాల జాతులకు సాధ్యము కాదు. బరువు అంత యెక్కువ. అందుచే సాలీడు కాలిని పట్టుకొని, తాము వెనుకకు నడచుచు, నేలపై నీడ్చుకొని పోవును. కొన్ని జాతులు మోయుటకు వీలుగా సాలీడు కాళ్ళను ముందుగనే కొరికివైచును. పిదప నేలలో త్రవ్విన బొరియలోనో, మట్టితో కట్టిన గదిలోనో దానిని చేర్చి, దానిపై నొకే గ్రుడ్డు పెట్టి, మూసివేయును.

ఇచట మీకొక సందేహము కలుగవచ్చును. సాలీడు సామాన్యమైన ప్రాణి కాదు. దానికి విషపు కోరలు కలవు. ఎనిమిది కాళ్ళు కలవు. కీటకములను పట్టి తినుటయే దాని వృత్తి. ఆ వేటగానినే వేటాడుటకు కందిరీగకు గల బలమేమి?

బలము దాని కొండిలో నున్నది. ఈ కొండి ఆడ యీగలకు మాత్రమే కలదు. మగ యీగలు కుట్టలేవు. ఏలయన కొండి యనునది గ్రుడ్లు పెట్టు సాధనమే కాలక్రమమున మార్పుచెంది ఆయుధమైనది. తేనెటీగ కొండికి వెనుకకు వంగిన ముండ్లు గలవు. మనలను కుట్టినపుడు ఆ కొండి చర్మమున చిక్కుకొని తేనెటీగ మరణించును. వేటాడు కందిరీగ కొండి అట్లు చిక్కుకొనదు. కావున అది పలుమార్లు కుట్టగలదు.

సాలీడు దేహనిర్మాణము కూడ కందిరీగకు అనుకూలించుచున్నది. గొంగళిపురుగు దేహములో నాడీకేంద్రములు తల మొదలు తోకవరకు గొలుసువలె వ్యాపించియుండును. అందుచే గొంగళిపురుగులను వేటాడు కందిరీగ దానిని పలుచోట్ల కుట్టవలసి యుండును. సాలీడునకో, నాడీకేంద్రములన్నియు తలయు వక్షమును కలిసిన ముందుభాగముననే యొకచోట గుమికూడియున్నవి. ఆ భాగమున విషము చేరినచో కాళ్ళన్నియు ఒక్కసారిగా చచ్చుబడును. పైన గట్టి కవచమున్నను, కాళ్ళ మొదళ్ళ వద్ద మెత్తని చర్మము కలదు. కందిరీగ కొండి వెదకునది ఆ చోటునే.

ఈ రహస్యములను ఓర్పుతో కనిపెట్టినవారిలో అగ్రగణ్యుడు ఝాఁ హెన్రీ ఫాబర్. ఆయన 1823లో ఫ్రాన్సు దేశమున పేద రైతు కుటుంబమున జన్మించెను. అనేక సంవత్సరములు ఉపాధ్యాయుడుగా పనిచేసెను. 1879లో సెరిన్యాఁ అను గ్రామమున రాళ్ళును ముండ్లపొదలును నిండిన బీడుభూమి నొకదానిని సంపాదించి, అచటనే 1915లో మరణించువరకు కీటకములను పరిశీలించుచు గడపెను. ఇతరులకు పనికిరాని యా బీడే ఆయనకు ప్రయోగశాల యైనది. ఆయన పరిశీలనలు 1879 మొదలు 1907 వరకు పది సంపుటములుగా వెలువడినవి.

సాలీడును వేటాడు కందిరీగలలో నొకటి తన ఆయుధమును ఎట్లు ప్రయోగించునో ఫాబర్ దగ్గరనుండి చూచెను. మొదటిపోటు సాలీడు నోటి సమీపమున. దానితో విషపు కోరలు నిశ్చేష్టములగును. శత్రువును నిరాయుధుని చేసిన పిదపనే రెండవపోటు వక్షముపై. దానితో కాళ్ళు చచ్చుబడును. తొందరపడి ముందుగా కాళ్ళవైపు పోయినచో కోరలు తన్ను కాటువేయును గదా!

మరియొక కందిరీగ యుపాయమును ఆయన వర్ణించెను. పాతగోడల బెజ్జములలో పట్టుగొట్టము నల్లుకొని కాపురముండు సాలీడు నొకదానిని ఈ యీగ వేటాడును. సాలీడు తన గొట్టములో నున్నంతసేపు దానిని జయించుట దుర్లభము. లోపలికి చొరబడినచో కందిరీగకే ప్రాణాపాయము. అందుచే నది గొట్టముయొక్క ద్వారమువద్ద పొంచి, బయటికి చాచిన సాలీడు కాలినొకదానిని పట్టి, ఒక్క గుంజు గుంజి, వెంటనే ప్రక్కకు తొలగును. ఇట్లు ఒకటి రెండుసార్లు విఫలమైనను మరల యత్నించును. తుదకు సాలీడు గొట్టమునుండి వెలికి విసరబడి నేలపై పడును. తన యింట సింహమువలె నుండిన సాలీడు, ఇల్లు విడిచినంతనే ధైర్యము కోల్పోయి కాళ్ళు ముడుచుకొనును. స్థానబలిమి యనగా నిదియే.

ఈ వేటగత్తెలలో పెద్దవి అమెరికా ఖండములయందు కలవు. వీనిని 'పెప్సిస్' అందురు. వీని దేహము రెండంగుళముల వరకు పెరుగును. దేహము నీలము కలసిన నలుపు. చాల జాతులకు రెక్కలు నిప్పువలె నెఱ్ఱగా నుండును. ఇవి వేటాడునది అరచేతియంత పెరుగు రోమశమైన టరాంట్యులా సాలీళ్ళను. అట్టి మహాసాలీళ్ళు మన రాష్ట్రమునను కలవు. గుత్తి పేరుతో ప్రసిద్ధికెక్కిన నీలిరంగు సాలీడును 1899లో పోకాక్ అను శాస్త్రజ్ఞుడు వర్ణించెను. నల్లమల ప్రాంతపు టడవులలోని చెట్లతొఱ్ఱలలో నివసించు నా సాలీడు నేడు నశించిపోవు ప్రమాదములో నున్నది. పెప్సిస్ కందిరీగలకు దగ్గరి బంధువులు గూడ మన దేశమున కలవు.

పెప్సిస్ వేటను గూర్చి అలెగ్జాండర్ పెట్రుంకెవిచ్ అను శాస్త్రజ్ఞుడు 1952లో ఒక ప్రసిద్ధ వ్యాసము వ్రాసెను. ఆయన రష్యాలో జన్మించి, అమెరికాలో యేల్ విశ్వవిద్యాలయమున ఆచార్యుడై, సాలీళ్ళ శాస్త్రమునకు జీవితమును ధారవోసినవాడు. ఆయనను ఆశ్చర్యపరచినది కందిరీగ సాహసముకంటె సాలీడు ప్రవర్తన. కందిరీగ మొదట సాలీడుక్రిందికి దూరి, పైకెక్కి, తన కొమ్ములతో తడిమి, ఇది తనకు కావలసిన జాతియో కాదో పరీక్షించును. రోమము కదలినను త్రుళ్ళిపడు నా సాలీడు, అంత పరీక్ష జరుగుచున్నను కదలక నిలుచును. కందిరీగ కొంచెము దూరము పోయి, దానికొరకే గోయి త్రవ్వుచున్నను, అది పారిపోవు ప్రయత్నమైనను చేయదు. గోయి ముగించి వచ్చిన కందిరీగ దానిక్రిందికి దూరి, కాలి మొదట మెత్తనిచోట కుట్టును. అప్పుడు మాత్రము పోరాటము జరుగును. కాని సాధారణముగా కందిరీగయే గెలుచును. పిదప చలనము కోల్పోయిన సాలీడును గోతిలోనికి ఈడ్చి, ఉదరముపై గ్రుడ్డు నంటించి, మట్టి కప్పి, నేల చదును చేసి పోవును.

ఇంత ఘోరమైన వేట చేయు నీ కందిరీగ ఆహారమేమో తెలిసినచో మీరు ఆశ్చర్యపడుదురు. అది సాలీడును తినదు. దాని భోజనము పూలలోని మకరందము. అమెరికా ఎడారులలో జిల్లేడు కుటుంబమునకు చెందిన పూలపై పెప్సిస్ కందిరీగలు గుంపులుగా వ్రాలి తేనె త్రాగుచుండును. తల్లి తేనె త్రాగి బ్రతుకును, మాంసమంతయు బిడ్డకొరకే. ఆ బిడ్డను అది యెన్నడును చూడదు. గోయి పూడ్చి వెడలిన తల్లి తిరిగి రాదు. బిడ్డ పుట్టి రెక్కలు తెచ్చుకొని వెలికి వచ్చునప్పటికి తల్లి జీవించియుండుటయు అరుదు.

బిడ్డ భోజనము చేయు క్రమమును గూడ గమనింపదగినది. డింభకము సాలీడును ఇచ్చవచ్చినట్లు తినదు. మొదట రక్తమును, ప్రాణమునకు అత్యావశ్యకములు గాని భాగములను తినును. ప్రాణాధారములగు నవయవములను తుదివరకు విడిచిపెట్టును. సాలీడు ముందే మరణించినచో మాంసము కుళ్ళును. కుళ్ళినచో బిడ్డ చచ్చును. తల్లి కుట్టునపుడు చంపక చలనము మాత్రము తొలగించుటకును కారణ మిదియే. మనము మాంసమును చెడకుండ నిలువచేయుటకు మంచును, ఉప్పును వాడుదుము. కందిరీగ ప్రాణమునే వాడుచున్నది.

మరియొక వింత కలదు. దొరికిన సాలీడు పెద్దదైనచో తల్లి ఆడబిడ్డనిచ్చు గ్రుడ్డును, చిన్నదైనచో మగబిడ్డనిచ్చు గ్రుడ్డును పెట్టును. రేపు వేటాడవలసినదియు, బరువులీడ్వవలసినదియు ఆడదే గనుక దానికి పెద్ద దేహము కావలెను. పెద్ద దేహమునకు పెద్ద భోజనము కావలెను.

ఇక మానవుని కుట్టినచో నేమగును? జస్టిన్ ష్మిట్ అను అమెరికా శాస్త్రజ్ఞుడు కుట్టు కీటకముల బాధను 1 మొదలు 4 వరకు గల కొలమానముతో లెక్కించెను. ఆయన వానిలో అనేకములచే స్వయముగా కుట్టించుకొన్నవాడు. తేనెటీగ పోటునకు ఆయన యిచ్చిన యంకె 2. పెప్సిస్ పోటునకు 4. విద్యుత్తు తగిలినట్లు దేహమంతయు ఝల్లుమనుననియు, ఆ సమయమున మరియొక పనియు ఆలోచనయు సాగవనియు ఆయన తెలిపెను. కాని ఆ తీవ్రబాధ సుమారు ఐదు నిమిషములలో తగ్గిపోవును. సాధారణముగా శాశ్వతమైన హాని యుండదు. ష్మిట్ 2023లో మరణించెను. ఇంతటి కందిరీగనే అమెరికాలోని న్యూ మెక్సికో రాష్ట్రము 1989లో తన రాష్ట్రకీటకముగా స్వీకరించినది. ఆ యెన్నికకు ముందుకు వచ్చినవారు అచటి పాఠశాల బాలబాలికలే.

మన యిండ్లలో మట్టిగూళ్ళు కట్టు కందిరీగ అంత భయంకరమైనది కాదు. గుంపుగా కాపురముండు కందిరీగలు తమ పట్టును కదలించినచో మూకగా వచ్చి కుట్టును. మట్టిగూటి యీగ ఒంటరి జీవి. దానికి కాపలాకాయు సేన లేదు. పట్టి నలిపిననేగాని సామాన్యముగా అది మనలను కుట్టదు. అయినను ఏ కందిరీగనైనను చేతితో పట్టుట తెలివితక్కువ. కొందరి దేహములకు చిన్నపోటు కూడ పడదు. కుట్టినపిదప ఊపిరి యాడకున్నను, ముఖము వాచినను తక్షణమే వైద్యునికడకు పోవలెను.

ఈ కందిరీగ పనితనమును చూచి, దానికి మనవంటి బుద్ధి కలదని తలంచుట సహజము. ఫాబర్ ఆ సంగతిని గూడ పరీక్షించెను. మట్టిగూటి యీగ మొదటి సాలీడును తెచ్చి గదిలో నుంచి దానిపై గ్రుడ్డు పెట్టినది. అది వేటకు పోగానే ఆయన గ్రుడ్డుతోగూడ ఆ సాలీడును తీసివైచెను. ఈగ రెండవదానిని తెచ్చెను. దానిని గూడ తీసివైచెను. ఇట్లు తెచ్చినదానినెల్ల తీయుచుండగా, ఈగ మరల మరల వేటాడి తెచ్చుచునే యుండెను. తుదకు తన లెక్క ముగిసినదన్నట్లు, గ్రుడ్డును గ్రాసమును లేని యా వట్టి గదికి శ్రద్ధగా మూత వేసెను! మరియొకమారు ఆయన గూటినంతయు గోడనుండి ఊడదీసెను. ఈగ వచ్చి, గూడు లేని యా గోడమీదనే, గూడున్నట్లే మట్టిపూత పూసెను.

ఎంత జాలి గొలుపు దృశ్యము! వైద్యునివలె పోటు వేయగల ఈ ప్రాణి, తన గది వట్టిదైనదని గ్రహింపలేకపోయినది. దాని నైపుణ్యము నేర్చినది కాదు, పుట్టుకతో వచ్చినది. దీనిని సహజ ప్రవృత్తి యందురు. ఒక పని ముగియగనే మరియొక పని చేయుమని లోపలినుండి వచ్చు ప్రేరణనే యది యనుసరించును. వెనుదిరిగి చూచి, 'నేను చేసినది సరియేనా?' యని ప్రశ్నించుకొను శక్తి దానికి లేదు. ఆ శక్తి మనకు కలదు. కలిగియుండియు వాడనిచో మనము గూడ వట్టిగదికి మూతవేయువారమే యగుదుము.

ఈ పాఠము చదివినవారిలో కొందరికి సాలీడుపై కనికరము కలుగును. అది మంచిదే. కాని కందిరీగను క్రూరురాలనుట న్యాయము కాదు. సాలీడు ఈగలను చంపును. కందిరీగ సాలీడును చంపును. కందిరీగను మరియొక పక్షి తినును. సాలీళ్ళు మితిమీరి పెరుగకుండ కందిరీగలును, పురుగులు మితిమీరి పెరుగకుండ సాలీళ్ళును కాపాడుచున్నవి. క్రూరత్వమనునది, వేరొక దారి యుండియు బాధించువానియందు గలదు. కందిరీగకు వేరొక దారి లేదు. బిడ్డలు వెడలిపోయిన పాతగూడు గూడ వ్యర్థము కాదు. సాలీళ్ళనే వేటాడు మరియొక నీలిరంగు కందిరీగ ఆ గదులను తన బిడ్డలకు వాడుకొనును.

బాలలారా, మన పూర్వులు గోడమీది మట్టిముద్దనైనను ఉపేక్షింపక చూచిరి; అందుండి యొక నీతిని గ్రహించిరి. వారి కాలమున గూటిలోపలి సంగతి తెలిసినది కాదు. నేడు మనకు తెలిసినది. అందుచేత వారిని పరిహసింపరాదు. వారి మాటయే తుదిమాటయని పరీక్షను మానరాదు. వారు ప్రారంభించిన చూపును మనము కొనసాగింపవలెను. మనస్సు దేనియందు లగ్నమగునో మనుష్యుడు అట్టివాడగునన్న వారి నీతి కందిరీగయందు గాక, ఫాబర్ వంటి పరిశీలకునియందు నిజమైనది. సత్యమునందే మనస్సు నిలిపి, ఆయన సత్యము నెరిగినవా డయ్యెను.

ఈసారి మీ యింటి గోడపై ఝుంకారము వినబడినచో చీపురు తీసికొనకుడు. ఒక కాగితమును పెన్సిలును తీసికొనుడు. దూరముగా కూర్చుండి, అది యెన్నిమార్లు మట్టి తెచ్చినదో, ఎన్ని సాలీళ్ళను తెచ్చినదో, ఏ దినమున గది మూసినదో వ్రాసికొనుడు. కొన్ని వారముల పిదప ఒకనాటి ఉదయమున ఆ గూటిలో గుండ్రని రంధ్రమొకటి కనబడును. అప్పుడు కథ మొదలును తుదియు మాత్రమే గాక నడిమి భాగమును గూడ మీకు తెలిసియుండును.

ప్రశ్నలు

1. భ్రమరకీటక న్యాయమనగా నేమి? దానిలో పెద్దలు ప్రత్యక్షముగా చూచిన దేది? ఊహించిన దేది?

2. కందిరీగ సాలీడును చంపక చచ్చుబడునట్లు మాత్రమే చేయుటకు కారణమేమి?

3. గొంగళిపురుగును పలుచోట్ల కుట్టవలసి యుండగా సాలీడునకు ఒకటి రెండు పోట్లే చాలుటకు హేతువేమి?

4. మట్టిగూటి కందిరీగపై ఫాబర్ చేసిన పరీక్షలను వర్ణింపుము. వానివలన తేలిన సత్యమేమి?

5. 'కందిరీగను క్రూరురాలనుట న్యాయము కాదు.' దీనిని నీవు అంగీకరింతువా? కారణములు వ్రాయుము.